గొంతు పోయే ముందు ఒడీల్ చేసిన ఫోన్

2023 చివర, చలి మొదలైన రోజులు. కోవిడ్ కాలంలో ఆసుపత్రి కారిడార్లలో నేల మీద అతికించిన పసుపు స్టికర్లు సగం ఊడిపోయి, సగం ఇంకా అంటుకునే ఉన్నాయి. ఇంగ్లండ్ నడిమధ్య మిడ్‌లాండ్స్‌లోని ఒక పెద్ద ఆసుపత్రిలో, ఈఎన్‌టీ విభాగం చివర ఉన్న కిటికీ లేని చిన్న గది నాది. తలుపు మీద నా పేరు, దాని కింద ‘స్పీచ్ అండ్ లాంగ్వేజ్ థెరపిస్ట్’ అని రాసి ఉంటుంది.

ఆ పేరు వినగానే లీసెస్టర్‌లో నాకు తెలిసిన తెలుగువాళ్లు, నత్తి ఉన్న పిల్లలకు మాటలు నేర్పుతాననుకుంటారు. పుట్టినరోజు పార్టీల్లో పిల్లల్ని నా దగ్గరకు తీసుకొచ్చి ‘ఆంటీకి ఒక పద్యం చెప్పు’ అంటారు. నిజానికి నా పని పెద్దవాళ్లతో, అందులోనూ గొంతు క్యాన్సర్ వచ్చినవాళ్లతో. స్వరపేటికను పూర్తిగా తీసేసే ఆపరేషన్‌ను లారింజెక్టమీ అంటారు. ఆ తర్వాత మనిషి ముక్కుతోనో నోటితోనో ఊపిరి తీసుకోడు, మెడ కింద చేసిన రంధ్రంలోంచి తీసుకుంటాడు. పుట్టినప్పటినుంచీ ఉన్న గొంతు ఆ రోజుతో పోతుంది. ఆపరేషన్‌కు ముందు వాళ్లను సిద్ధం చేయడం, తర్వాత మరో పద్ధతిలో మాట్లాడటం నేర్పడం నా ఉద్యోగం.

ఒడీల్ నా గదిలోకి వచ్చిన రోజు ఆమె కంటే ముందు ఆమె భర్త మార్టిన్ తల లోపలికి పెట్టి, “లోపలికి రావచ్చా?” అని అడిగాడు. పొడుగ్గా, కాస్త వంగి నడిచే ఇంగ్లీషాయన. స్కూల్లో జాగ్రఫీ చెప్పి రిటైరయ్యాడు. వాళ్లుండేది నార్తాంప్టన్ దగ్గర ఒక చిన్న ఊళ్లో. ఆయన వెనక ఒడీల్ నిలబడి ఉంది. అరవై దాటిన మనిషి. తెల్లజుట్టు చక్కగా కత్తిరించి ఉంది. మెడకు ఆకుపచ్చ స్కార్ఫ్ చుట్టుకుంది. కూర్చోగానే నా గదినంతా ఒకసారి చూసి, “ఈ గదిలో శబ్దం బాగా పలుకుతుంది. గోడలకు ఏం వేశారు?” అంది.

అంతవరకు ఏ పేషెంటూ నన్ను ఆ ప్రశ్న అడగలేదు. ఆమె గొంతు అప్పటికే బాగా బొంగురుపోయి ఉంది, పదాల చివరలు గాలిలో కలిసిపోతున్నాయి. అయినా ఎక్కడ ఆగాలో, ఏ మాటను నొక్కాలో తెలిసిన మనిషి మాట్లాడుతోందని మాత్రం అర్థమైంది.

“ఏం పని చేసేవారు?” అని అడిగాను.

“మాట్లాడటం” అంది ఒడీల్. “ఇంకేమీ చేయలేదు. నాకు ఇంకేమీ రాదు.”

ఫ్రాన్స్ ఉత్తర తీరంలో ఒక రేవు పట్టణంలో పుట్టిందామె. ఇరవై ఏళ్లప్పుడు అక్కడి చిన్న రేడియో స్టేషన్‌లో చేరింది. ఆమె మొదటి పని తెల్లారకముందే సముద్రం పోటు ఎప్పుడు, పాటు ఎప్పుడు, చేపల ధర ఎంత అన్నవి చదవడం. పడవల మీదికి వెళ్లే జాలర్లు వినేవారట. ఎప్పుడైనా జలుబు చేసి ఆమె రాకపోతే స్టేషన్‌కు ఫోన్ చేసి, ఆ అమ్మాయి ఏమైందని అడిగేవారట. ఐదారేళ్లకు పారిస్‌లో పెద్ద రేడియోలో పొద్దుటి కార్యక్రమం ఇచ్చారు. అక్కడినుంచి టెలివిజన్. ఊళ్లకు ఊళ్లు జట్లుగా వచ్చి పోటీపడే క్విజ్ ఒకటి మధ్యాహ్నాలు వచ్చేదట, దాన్ని ఆమె చాలా ఏళ్లు నడిపింది. రొట్టెల దుకాణానికి వెళితే జనం గుర్తుపట్టేవారు.

ఒకసారి ఆ కార్యక్రమం లైవ్‌లో ఉండగా స్టూడియోలో కరెంటు పోయింది. బొమ్మ పోయింది, కానీ ధ్వని మాత్రం ఇళ్లకు వెళుతూనే ఉంది. చెవిలో డైరెక్టర్, ‘మాట్లాడు, ఆపకు’ అన్నాడు. చిమ్మచీకట్లో నిలబడి, దీపాలు వచ్చేదాకా ఆమె మాట్లాడుతూనే ఉంది. ఎవరు ఏ మూల నిలబడ్డారో, ఏ ఊరి జట్టులోని ముసలాయన టోపీ వెతుక్కుంటున్నాడో చెబుతూ పోయింది. మర్నాడు పత్రికలన్నీ ఆమెను మెచ్చుకున్నాయి.

“భయం వెయ్యలేదా?” అన్నాను.

“చీకటంటే వెయ్యలేదు. మా భాషలో రేడియోలో మాట ఆగిపోతే దాన్ని ‘తెలుపు’ అంటాం. ఏమీ రాయని కాగితంలాగా. ఆ తెలుపంటే భయం. నిద్రలో కూడా అదే కల. మైకు ముందు కూర్చుని ఉంటాను. ఎర్రదీపం వెలుగుతుంది. నోరు తెరుస్తాను. ఏమీ రాదు.” స్కార్ఫ్ సర్దుకుంది. “ఇప్పుడు మీరంతా కలిసి నన్ను ఆ కలలోకి పంపుతున్నారు.”

నలభై ఏడేళ్లప్పుడు టెలివిజన్‌వాళ్లు ‘మొహం అలసిపోయినట్టుంది’ అని ఆమెను తీసేశారు. మళ్లీ రేడియోకు వెళ్లింది. తర్వాత మార్టిన్‌ను పెళ్లి చేసుకుని ఇంగ్లండ్ వచ్చింది. ఇంట్లో ఖాళీగా ఉన్న పడకగది గోడలకు దుప్పట్లు వేలాడదీసి స్టూడియో చేసుకుంది. ఫ్రెంచి పుస్తకాలు చదివి రికార్డు చేసేది. మ్యూజియాల్లో చెవికి పెట్టుకుని వినే గైడ్‌లకు గొంతునిచ్చేది. బొంగురు మొదలైనప్పుడు వయసు వల్ల అనుకుంది, తర్వాత సిగరెట్ల వల్ల అనుకుంది. ఊళ్లో మామూలుగా చూసే డాక్టరు, జీపీ, దగ్గరకు వెళ్లేసరికి ఆలస్యమైంది.

ఆపరేషన్‌కు ముందు మేం చేసే పనుల్లో మెసేజ్ బ్యాంకింగ్ ఒకటి. గొంతు ఉండగానే మనిషి తనకు కావలసిన మాటల్ని తన గొంతుతో రికార్డు చేసుకుంటాడు. మనవడి పేరు పిలవడం, భార్యను విసుక్కోవడం, కుక్కను కేకేయడం, ఏదైనా కావచ్చు. తర్వాత ఫోన్‌లోనో ట్యాబ్లెట్‌లోనో నొక్కితే అవి పలుకుతాయి. పాత రికార్డింగులు బాగా ఉంటే కంప్యూటర్ వాటినుంచి ఆ మనిషి గొంతునే తయారుచేసి, టైపు చేసినదల్లా చదువుతుంది. ఒడీల్ విషయంలో ఇది తేలికనిపించింది. దశాబ్దాల రికార్డింగులు ఉన్నాయి. ఆ మాటే చెప్పాను.

ఆమె నవ్వింది. నవ్వు దగ్గులోకి తిరిగింది. “ఉన్నాయి. వేల గంటలు. అన్నీ నాకు తెలియనివాళ్లతో మాట్లాడినవే. నా కూతురితో మాట్లాడింది ఒక్క నిమిషం కూడా లేదు.”

కూతురి పేరు క్లేర్. మార్టిన్ పరిచయం కాకముందే పుట్టింది. లియోన్‌లో ఉంటుంది, ఒక మందుల షాపులో ఫార్మసిస్టు. ఒడీల్ పొద్దుటి కార్యక్రమం చేసే రోజుల్లో క్లేర్ చిన్నపిల్ల, అమ్మమ్మ దగ్గర పెరిగింది. “మా అమ్మ రేడియో పెట్టి, ‘అదిగో మీ అమ్మ’ అనేది. క్లేర్ కుర్చీ లాక్కుని ఎక్కి రేడియో కట్టేసేది. మా అమ్మ ఇది నవ్వుతూ చెప్పేది. నేనూ నవ్వేదాన్ని.” తల్లీకూతుళ్లు పండక్కీ పుట్టినరోజుకీ మాత్రమే మాట్లాడుకుంటారు. ఆపరేషన్ సంగతి క్లేర్‌కు ఇంకా చెప్పలేదు.

“ముందు ఆమె కోసం రికార్డు చేద్దామా?” అన్నాను.

“చేద్దాం. వచ్చేసారి.”

ఆ వచ్చేసారి కూడా క్లేర్ కోసం ఏమీ రికార్డు కాలేదు. మైకు పెట్టగానే ఒడీల్ వెన్ను నిటారుగా పెట్టుకుని, మార్టిన్ కోసం పాతిక వాక్యాలు చకచకా చదివేసింది. ‘టీ చల్లారిపోయింది’, ‘నీ కళ్లజోడు నీ తలమీదే ఉంది’ లాంటివి. నాకోసం పాత రేవు వార్తలు చదివి వినిపించింది. క్లేర్ పేరు దగ్గరికి వచ్చేసరికి పెదవులు కదిలాయి, మాట రాలేదు. నీళ్లు తాగింది. మళ్లీ ప్రయత్నించింది. రేడియోలో వార్తలు చదివే మనిషి కాగితం చప్పుడు రాకుండా పట్టుకుంటుంది కదా, అలా తన చేతినే మరో చేత్తో పట్టుకుంది.

“నాకు ఏం చెప్పాలో రాసిస్తేగానీ చదవలేను” అంది చివరకు. “ఇది ఎవరూ రాసివ్వరు.”

ఆ రోజు ఆమె వెళ్లాక రజిత నా గదికి వచ్చింది. రజితది కరీంనగర్. గొంతు క్యాన్సర్ పేషెంట్లందరికీ మొదటినుంచి చివరిదాకా తోడుండే స్పెషలిస్ట్ నర్సు. ఏ కష్టమొచ్చినా వాళ్లు ముందు ఫోన్ చేసేది ఆమెకే.

“అక్కా, గామెకు దమ్ము వస్తున్నట్టుంది. లిఫ్ట్ కాడ నిలబడి గోడ పట్టుకున్నది. అడిగితే ఏం లేదంటది.”

“నాతో, మెట్లెక్కి వచ్చాను, అందుకే ఆయాసం అంది.”

“మెట్లేడెక్కింది? నేను చూసిన కదా, లిఫ్ట్‌లనే వచ్చింది. దాస్తున్నది అక్కా. రాత్రి పండుకుంటే ఎట్లుందని ఆయన్ని అడిగిన. కుర్చీల కూసోని నిద్రపోతున్నదట.”

పడుకుంటే ఊపిరాడక కూర్చుని నిద్రపోతోందంటే గొంతులో గడ్డ పెరిగి, గాలి వెళ్లే దారిని మూసేస్తోందన్నమాట. రజిత అప్పుడే ఆపరేషన్ చేసే పెద్ద డాక్టరుకు, కన్సల్టెంట్‌కు, చెప్పింది. ఒడీల్‌కు ఫోన్ చేసి మర్నాడే రమ్మన్నాం.

మర్నాడు పొద్దున ఆమె ఒక్కతే నా గదికి వచ్చింది. మార్టిన్ కారు పెట్టడానికి చోటు వెతుకుతున్నాడట. మా ఆసుపత్రిలో అదొక యుద్ధం. ఆమె కుర్చీలో కూర్చోకముందే నాకు ఆ శబ్దం వినిపించింది. ఊపిరి లోపలికి తీసిన ప్రతిసారీ సన్నగా కీచుమంటోంది. దాన్ని స్ట్రైడర్ అంటారు. ఇరుకైన సందులోంచి గాలి బలవంతంగా వెళ్లేటప్పుడు వచ్చే చప్పుడు. ఒకసారి వింటే ఎవరూ మరిచిపోలేరు. మెడ కింది ఎముకల పైన చర్మం లోపలికి గుంటలు పడుతోంది. పెదవుల రంగు బాగాలేదు.

“ఇది ఎప్పటినుంచి ఉంది?” అన్నాను.

“కొన్ని రోజులు” అంది. రెండు మాటల మధ్య ఆగి గాలి తీసుకుంది. “చెబితే... ఆపరేషన్ ముందుకు జరుపుతారు. నాకు ఇంకా... కొంచెం టైం కావాలి.”

గోడ మీది ఎమర్జెన్సీ గంట నొక్కాను. నా చెయ్యి సరిగ్గా దాని మీదే పడిందా లేదా అని మళ్లీ నొక్కాను. నిమిషంలో గది నిండిపోయింది. డ్యూటీ డాక్టరు, రజిత, మరో ఇద్దరు. ఆక్సిజన్ మాస్కు పెట్టారు. వాపు తగ్గించే మందును ఆవిరిగా పట్టారు. డాక్టరు ముక్కులోంచి సన్నటి కెమెరా దించి చూశాడు. తెర నాకు కనిపిస్తోంది. గాలి వెళ్లే దారి ఉండవలసిన చోట గోరు అంచంత సందు ఉంది.

కన్సల్టెంట్ పరుగున వచ్చారు. ఒడీల్ ముందు మోకాళ్ల మీద కూర్చుని, ఆమె కళ్లలోకి చూస్తూ చెప్పారు. “మీ మెడలో ఇప్పుడే ఒక దారి చెయ్యాలి. మీకు మత్తు ఇవ్వలేను. మత్తులో కండరాలు వదులైతే ఈ కాస్త దారీ మూసుకుపోతుంది. మెలకువగానే, ఆ చోటు మాత్రం మొద్దుబారేలా ఇంజెక్షన్ ఇచ్చి చేస్తాం.”

“తర్వాత... మాట్లాడగలనా?”

ఆయన అబద్ధం చెప్పలేదు. “ట్యూబు పెట్టాక గొంతులోకి గాలి వెళ్లదు. పెద్ద ఆపరేషన్ కూడా ఇక ఆలస్యం చెయ్యలేం. మాట్లాడలేరనే అనుకోండి.”

ఒడీల్ మాస్కును పక్కకు లాగి నావైపు తిరిగింది. చెవి దగ్గర చెయ్యి పెట్టి, బొటనవేలూ చిటికెనవేలూ చాపింది. ఫోన్.

డ్యూటీ డాక్టరు వద్దన్నాడు. మాట్లాడితే ఊపిరి ఖర్చవుతుంది, కంగారు పడితే ఇంకా ముడుచుకుంటుంది. అది నాకూ తెలుసు. ఫోన్ ఇస్తే ఆ కుర్చీలోనే ఏమైనా జరగవచ్చు. ఇవ్వకపోతే ఆమె ఎప్పటికీ ఆ మాట చెప్పలేదు. ఎటూ తేల్చుకోలేక కన్సల్టెంట్ వైపు చూశాను. థియేటర్‌లో అన్నీ సిద్ధం చేయడానికి కొద్ది నిమిషాలు పడుతుందని ఆయనకూ తెలుసు. “మాస్కు ఉంచే మాట్లాడాలి. రెండు మాటలు” అన్నారు.

ఒడీల్ హ్యాండ్‌బ్యాగులోంచి ఫోన్ తీసింది రజితే. ఆమె వేలు పెట్టించి తెరిచి, పేరు వెతికి, స్పీకర్‌లో పెట్టి నా చేతికిచ్చింది. అవతల మోగుతోంది. మోగుతూనే ఉంది. ఇంగ్లండ్‌లో పొద్దున్న అంటే అక్కడ ఇంకో గంట ముందుకు, షాపులో పని వేళ. ఎత్తదేమో అనుకున్నాను. ఎత్తకపోతే ఏం చెయ్యాలో ఆలోచించడం మొదలుపెట్టాను.

“మమాఁ?” అంది ఒక ఆడగొంతు. వెనక జనం మాటలు, ఏదో యంత్రం బీప్‌లు వినిపిస్తున్నాయి.

ఒడీల్ నా మణికట్టు పట్టుకుంది. కీచుమంటూ ఊపిరి తీసుకుంది. “క్లేర్” అంది. మళ్లీ ఊపిరి. తర్వాత ఫ్రెంచిలో మూడే మాటలు.

నాకు ఫ్రెంచి రాదు. కానీ ఆ మాటలు ఏమిటో ఆమె మొహం చూస్తే తెలిసింది. తర్వాత క్లేర్‌ను అడిగితే అవునంది. ‘నాకు భయంగా ఉంది’ అంది ఒడీల్, అంతే.

అవతల జనం మాటలు దూరమయ్యాయి. క్లేర్ ఎక్కడికో నడిచి, తలుపు వేసుకున్నట్టుంది. వేగంగా ఏదో అడుగుతోంది. ఒడీల్ తల అడ్డంగా ఊపి, ఫోన్‌ను నావైపు నెట్టింది. ఆమెకు ఇక గాలి చాలడం లేదు. నేను ఇంగ్లీషులో మాట్లాడాను. నేనెవరో, మీ అమ్మకు ఏమైందో, ఇప్పుడేం చేయబోతున్నారో చెప్పాను.

“ఆ శబ్దం ఏమిటి?” అంది క్లేర్ ఇంగ్లీషులో, తడబడుతూ. “ఆ కీచుమనేది మా అమ్మ ఊపిరా?”

“అవునండీ.”

“నేను వస్తున్నానని చెప్పండి. ఇప్పుడే బయలుదేరుతున్నానని చెప్పండి.”

స్పీకర్‌లో ఉంది కాబట్టి ఒడీల్ వినేసింది. కళ్లు మూసుకుంది.

ట్రాలీ తోసుకుంటూ పోతుంటే ఆమె నా మణికట్టు వదల్లేదు. థియేటర్ తలుపుల దగ్గర మత్తు డాక్టరు నన్ను చూసి, “నువ్వూ రా. ఆ చెయ్యి విడిపిస్తే ఇంకా కంగారు పడుతుంది” అంది. థియేటర్ బట్టలు వేసుకుని వెళ్లి ఆమె తల పక్కన నిలబడ్డాను. అప్పటికి మార్టిన్ వచ్చాడు. కారు తాళాలు చేతిలో పట్టుకుని తలుపు అవతలే ఉండిపోయాడు.

ఆమెను పూర్తిగా పడుకోబెట్టలేదు, సగం కూర్చోబెట్టే ఉంచారు. మెడ మీద ఆకుపచ్చ గుడ్డ పరిచారు. గుడ్డకు ఇవతల ఆమె మొహం, నేను. అవతల ఏం జరుగుతోందో మా ఇద్దరికీ కనిపించదు. సూది గుచ్చినప్పుడు ఆమె వేళ్లు నా చేతిని నలిపేశాయి. నేను ఆమెతో ఏదో మాట్లాడాలి, అందుకే నన్ను రానిచ్చారు. “నన్నే చూడండి” అన్నాను. “లోపలికి. బయటికి.” అంతే, మళ్లీ మళ్లీ.

ఆ గదిలో అందరి పనీ ఆ కీచుశబ్దాన్ని బట్టే నడిచింది. అది ఎంత వికారంగా ఉన్నా, వినిపిస్తున్నంతసేపూ ఆమె బతికి ఉన్నట్టు. అది సన్నబడింది. రెండు ఊపిరుల మధ్య ఎడం పెరిగింది. ఎవరో ఆక్సిజన్ అంకెలు పైకి చదువుతున్నారు, అవి దిగుతున్నాయి. కన్సల్టెంట్ గొంతు మారలేదు గానీ మాటలు పొట్టివయ్యాయి. ఒడీల్ కళ్లు నా మొహం మీదినుంచి జారిపోవడం మొదలైంది. నా చేతి మీద ఆమె పట్టు సడలింది. నేను గట్టిగా పట్టుకున్నాను.

ఉన్నట్టుండి శబ్దం ఆగిపోయింది.

పూర్తిగా. అంతసేపు గదంతా నిండిన ఆ చప్పుడు లేదు. ఆమె పోయిందనుకున్నాను. తర్వాత ఆకుపచ్చ గుడ్డ కింద ఆమె ఛాతీ పైకి లేచింది. దిగింది. మళ్లీ లేచింది, నెమ్మదిగా, నిద్రపోయే మనిషిలా. ట్యూబు లోపలికి వెళ్లింది. గాలి ఇక గొంతులోంచి పోవడం లేదు, మెడలోంచి నేరుగా వెళుతోంది. అందుకే చప్పుడు లేదు. అంకెలు చదివే మనిషి అంకెలు పెరుగుతున్నాయని చెప్పేదాకా నేను ఆమె చెయ్యి వదల్లేదు.

ఒడీల్ కళ్లు మళ్లీ నా మొహం మీదికి వచ్చాయి. పెదవులు కదిపింది. ఏమీ రాలేదు. మరోసారి కదిపింది. తనకు జరిగినది ఆమెకు అర్థమవడం నేను చూశాను. దాన్ని ఇక్కడ వర్ణించలేను.

ఆ సాయంత్రం ఇంటికి వెళ్లాక వంట చెయ్యబుద్ధి కాలేదు. టేక్‌అవే తెప్పించాను. మా అమ్మాయి నా పక్కన కూర్చుని, “యూ ఓకే, అమ్మా? యూ హావెంట్ సెడ్ ఎనీథింగ్” అంది. అప్పుడు గమనించాను, వచ్చినప్పటినుంచి నేనొక్క మాట కూడా మాట్లాడలేదని. దాన్ని దగ్గరికి తీసుకుని, స్కూల్లో ఏం జరిగిందో మొదటినుంచి చెప్పమన్నాను. అది ఇంగ్లీషులో చెబుతూ పోయింది. నాకు కావలసింది ఆ గొంతే.

మర్నాడు క్లేర్ వచ్చింది. తల్లి పోలికలే, జుట్టు మాత్రం నలుపు. చేతిలో ఒక చిన్న సంచి. బహుశా దొరికిన బట్టలు దొరికినట్టు కుక్కుకుని వచ్చింది. ఒడీల్ ఒళ్లో తెల్లబోర్డు, చేతిలో మార్కరు పెట్టుకుని కూర్చుని ఉంది. ఏం రాయాలో పొద్దుటినుంచి ఆలోచిస్తూ, రాస్తూ, చెరిపేస్తూ ఉందని రజిత చెప్పింది. క్లేర్ మంచం పక్కన కూర్చుని, తల్లి రాయబోతుండగా మార్కరు తీసి పక్కన పెట్టింది. ఫ్రెంచిలో మాట్లాడటం మొదలుపెట్టింది. మార్టిన్ నాకు మెల్లగా అర్థం చెప్పాడు. మందుల షాపులో కొత్తగా చేరిన మనిషికి లెక్కలు రావట. తన కుక్కకు కాలు నొప్పట. విమానంలో పక్కసీటు ఆయన దారి పొడుగునా ఉల్లిపాయల గురించి చెప్పాడట. ఒకదాని తర్వాత ఒకటి, ఆగకుండా. అరగంటకు పైగా నేను తలుపు దగ్గరే నిలబడ్డాను. ఒడీల్ ఒకసారి మార్కరు కోసం చెయ్యి చాపింది. క్లేర్ ఆ చెయ్యి పట్టుకుంది, మాట మాత్రం ఆపలేదు.

తర్వాత పెద్ద ఆపరేషన్ జరిగింది. గడ్డను మొత్తం తీసేయగలిగారు. ఊపిరి గొట్టానికీ ఆహారం గొట్టానికీ మధ్య చిన్న వాల్వ్ పెట్టారు. మెడ మీది రంధ్రాన్ని బొటనవేలితో మూస్తే గాలి ఆ వాల్వ్‌లోంచి పైకి వెళ్లి శబ్దమవుతుంది, దానితో మాట్లాడవచ్చు. గాయం మానాక మొదటిసారి ఒడీల్ చేత ఆ పని చేయించింది నేనే. గరగరలాడే, లోతైన శబ్దం వచ్చింది. ఆమె ఉలిక్కిపడి వేలు తీసేసింది. బోర్డు మీద, ‘ఎవరీ ముసలాయన?’ అని రాసింది. మేమంతా నవ్వాం. ఆమె కూడా నవ్వింది, శబ్దం లేకుండా. ఆ తర్వాత చాలా వారాలు నా ముందు నోరు తెరవలేదు.

భయం రూపం మార్చుకుంది. ఇప్పుడు ఆమెకు మనుషులంటే భయం. సూపర్‌మార్కెట్‌లో బిల్లు వేసే అమ్మాయి ఏదో అడిగితే, జవాబు చెప్పడానికి మెడ మీద వేలు పెట్టింది. ఆ శబ్దానికి వెనకనున్న పిల్లాడు తల్లి వెనక దాక్కున్నాడు. సామాను అక్కడే వదిలేసి కారులోకి వచ్చి కూర్చుంది. పాత రికార్డింగులతో కంప్యూటర్ తయారుచేసిన గొంతు కూడా వచ్చింది. నలభై ఏళ్లప్పటి ఒడీల్ గొంతు, తేనెలా ఉంది. రెండు వాక్యాలు విని ట్యాబ్లెట్ మూసేసింది. బోర్డు మీద ఇలా రాసింది: ‘చాలా బాగుంది. కానీ ఈవిడ ఎప్పుడూ ఆసుపత్రికి రాలేదు.’

ఆమెను మాట్లాడించింది నేను కాదు. ఒక ఆదివారం మార్టిన్ తోటలో ఉండగా క్లేర్ ఫోన్ చేసింది. మామూలుగా వీడియోలో చేసేది, ఆ రోజు నెట్‌వర్క్ బాగాలేక మామూలు కాల్ చేసింది. ఒడీల్ ఎత్తింది. బోర్డు చూపించడానికి లేదు. “మమాఁ, ఉన్నావా?” అని క్లేర్ అడిగింది. మళ్లీ అడిగింది. మూడోసారి ఆ గొంతులో కంగారు వినిపించిందట. ఒడీల్ వేలు పెట్టి, “ఉన్నాను” అంది. ఇంకేమనాలో తెలియక, కుక్క కాలు ఎలా ఉందని అడిగింది.

నాలుగు రోజుల తర్వాత క్లినిక్‌కు వచ్చి ఈ సంగతంతా నాకు తన నోటితోనే చెప్పింది. మాటల మధ్య ఆగుతూ, వేలు తీస్తూ, పెడుతూ. చాలాసేపు పట్టింది. నేను ఎక్కడా మాట అందివ్వలేదు.

ఏడాది తర్వాత ఆమెను ఒక పని అడిగాను. లీసెస్టర్‌లో బస్సు నడిపే ఒకాయనకు ఇదే ఆపరేషన్ చెయ్యాలి. ఆయన ఎవరి మాటా వినడం లేదు, ఆపరేషన్ వద్దంటున్నాడు. ఈ దారిలో ముందే నడిచినవాళ్లను చూస్తే కొందరికి మేలు జరుగుతుంది. ఒడీల్ ఒప్పుకుంది. వచ్చి ఆయన ఎదురుగా కూర్చుంది. తన ఉద్యోగం గురించి, టెలివిజన్ గురించి ఏమీ చెప్పలేదు. “అడగండి” అంది.

ఆయన తల వంచుకునే, “అద్దంలో చూసుకున్నారా?” అన్నాడు.

“మొదట్లో చూసుకోలేదు. మూడు వారాలు అద్దానికి తువ్వాలు కప్పాను.”

ఆయన మొదటిసారి తలెత్తి ఆమెను చూశాడు. వాళ్లిద్దరూ మాట్లాడుకుంటుండగా నేను బయటికి వచ్చేశాను. ఆయన ఆపరేషన్ చేయించుకున్నాడు.

ఈ వృత్తిలో నాకు గొంతుల గురించి చాలా నేర్పారు. గాలి ఎంత ఒత్తిడితో వెళ్లాలి, వాల్వ్ ఎప్పుడు మార్చాలి, ఏ శబ్దం ఏ ప్రమాదానికి గుర్తు, ఇవన్నీ. భయపడుతున్న మనిషిని చూడగానే మన నోటినుంచి మొదట వచ్చే మాట ‘భయపడకండి’. తెలుగులోనూ అదే, ఇంగ్లీషులోనూ అదే. ఒడీల్ తర్వాత ఆ మాట నా నోటికి రావడం లేదు. జీవితమంతా లక్షలమందితో మాట్లాడిన మనిషికి, ఊపిరి అందని వేళ, చెప్పాలనిపించినది ఒక్కటే. దాన్ని చెప్పడానికి ఆమెకు కావలసింది ఒక్క మనిషే. అందుకే ఇప్పుడు కొత్తగా ఎవరైనా నా గదికి వస్తే మైకు తియ్యను. ఆపరేషన్ బొమ్మలు చూపించను. తలుపు వేసి, కుర్చీ దగ్గరగా జరుపుకుని, “భయంగా ఉందని ఇంకా ఎవరికి చెప్పలేదు?” అని అడుగుతాను. తర్వాత వాళ్లు మాట్లాడేదాకా ఎంతసేపైనా ఊరుకుంటాను.